ఇంటి అప్పు – దాని నిజమైన వెల

ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అని మన పెద్దలు చెప్పిన మాట. ఆ రెండింటి బరువును ఎరిగినవారే ఆ మాట అనియుందురు. పూర్వము ఇల్లు కట్టదలచినవాడు పొలము పంటనో, ఇంటిలోని బంగారమునో, బంధువుల చేబదులునో నమ్ముకొని గోడలు లేపెడివాడు. నేడు చెన్నైలోగాని, కోయంబత్తూరులోగాని, హోసూరులోగాని ఉద్యోగ వ్యాపారములతో జీవించు మన తెలుగు కుటుంబములలో ఇల్లు కొనువారు చాలమంది బ్యాంకునుండియో, గృహఋణ సంస్థనుండియో అప్పు తీసికొనియే కొనుచున్నారు. ఇది తప్పు గాదు. నెలజీతముపై బ్రతుకువానికి అప్పులేక సొంతయిల్లు సమకూరుట కష్టమే.

అయితే, అప్పు పుచ్చుకొనునాడు మనలో అనేకులు అడుగు ప్రశ్న ఒక్కటే: “నెలకు ఎంత కట్టవలెను?” ఆ మొత్తము జీతములో ఇముడునా లేదా అని చూచుకొని సంతకము చేయుదురు. మొత్తముమీద ఎంత కట్టుదుము? అందులో ఇంటికి చేరునదెంత? వడ్డీకి పోవునదెంత? ఈ ప్రశ్నలను అడుగువారు అరుదు. పాఠశాల వార్షిక సంచికలో ఈ విషయమేల అని కొందరికి తోపవచ్చును. ఇంటి వాయిదాయు, బిడ్డల చదువు ఖర్చును ఒకే జీతమునుండి, ఒకే సంవత్సరములలో చెల్లవలసినవి. ఒకదాని లెక్క తప్పినచో రెండవదానికి లోటు వచ్చును. కావున తల్లిదండ్రులు ఈ లెక్కను తెలిసికొనుట అవసరమని మేము తలంచుచున్నాము.

డెబ్బదియొక్క పైసల వడ్డీ

మన పెద్దలు వడ్డీని నూటికి నెలకు ఇంత యని చెప్పుకొనెడివారు. రూపాయి వడ్డీ యనగా ఏటికి 12 శాతము. రెండు రూపాయల వడ్డీ యనగా 24 శాతము. ఆ కొలతతో చూచిన, ఏటికి 8.5 శాతము వడ్డీగల ఇంటి అప్పు నూటికి నెలకు సుమారు 71 పైసల వడ్డీ మాత్రమే. “రూపాయి వడ్డీ కూడ కాదుగదా, ఇది చౌకయే” అని ఇంటిలోని పెద్దవారు ధైర్యము చెప్పుదురు. రేటు మట్టుకు చూచిన వారి మాట నిజమే. కాని చేబదులు ఆరు నెలలలోనో, పంట ఇంటికి వచ్చినప్పుడో తీరెడిది. ఇంటి అప్పు ఇరువది ముప్పది ఏండ్లు నడచును. భారమంతయు రేటులో లేదు, కాలములో ఉన్నది. ఈ ఒక్క మాట మనస్సున నిలిచినచో తక్కినదంతయు సులభముగా అర్థమగును.

వాయిదాలో ఏమున్నది?

ఒక లెక్కను తీసికొందము. అప్పు 30 లక్షల రూపాయలు. వడ్డీ ఏటికి 8.5 శాతము, గడువు 20 సంవత్సరములు. నెలవాయిదా, అనగా అందరు ఈఎంఐ అని పిలుచునది, 26,035 రూపాయలు అగును. ఇరువది ఏండ్లలో 240 వాయిదాలు. మొత్తము చెల్లింపు 62,48,400 రూపాయలు. అప్పు తెచ్చినది 30 లక్షలు, వడ్డీ 32,48,400. ఒక ఇంటికి రెండిండ్ల వెల ఇచ్చినట్లే.

ఇట్లగుటకు కారణమేమి? బ్యాంకు ప్రతినెల మిగిలియున్న అసలుమీద వడ్డీ కట్టి, ముందుగా దానిని తీసికొని, శేషమును మాత్రమే అసలునకు జమకట్టును. మొదటి నెలలో 30 లక్షలపై వడ్డీ 21,250 రూపాయలు. మనము కట్టిన 26,035లో ఇది పోగా అసలునకు చేరునది 4,785 రూపాయలు మాత్రమే. మొదటి సంవత్సరమంతటిలో కట్టునది 3,12,420. అందులో వడ్డీ సుమారు 2,52,700. అసలు తగ్గునది 60 వేలకు లోపే. అసలు కొంచెము కొంచెముగా తగ్గినకొలది వడ్డీభాగము తగ్గి, అసలు భాగము పెరుగుచు పోవును. ఈ మార్పు మిక్కిలి మెల్లగా జరుగును. ఈ లెక్కలో వాయిదాలో సగముకంటె ఎక్కువ అసలునకు చేరుట 143వ వాయిదాలో మొదలగును. అనగా పండ్రెండవ సంవత్సరము ముగియవచ్చు వేళకు.

దీనిని మన యిండ్ల కాలమానముతో చూతము. బిడ్డ ఒకటవ తరగతిలో చేరిననాడు తండ్రి ఈ అప్పు తీసికొన్నాడనుకొందము. ఆ బిడ్డ పండ్రెండవ తరగతి ముగించువరకు ఇంచుమించు ప్రతి వాయిదాలోను వడ్డీయే పెద్దభాగము. పండ్రెండేండ్లలో ఆయన 37,49,040 రూపాయలు కట్టియుండును. అయినను బాకీ సుమారు 18 లక్షల 9 వేలు నిలిచియుండును! తెచ్చిన అప్పునకు మించి కట్టిన తరువాతను, అసలులో సగమునకు పైగా తీరలేదు. సరిగా ఆ యేటనే కళాశాల ప్రవేశపు రుసుములు ఎదురగును. ఈ సంగతి ముందుగా తెలిసిన తండ్రి దానికి తగిన ఏర్పాటు చేసికొనును. తెలియనివాడు ఆనాడు మరియొక అప్పునకు పరుగిడును.

గడువు పెంచిన వాయిదా తగ్గును, వెల పెరుగును

వాయిదా బరువుగా ఉన్నదన్నచో, “గడువు పెంచుకొనుడు” అని అప్పిచ్చువారు చెప్పుదురు. అదే 30 లక్షలకు, అదే 8.5 శాతమునకు మూడు గడువులను పోల్చి చూడుడు.

15 సంవత్సరములు: నెలకు 29,542, మొత్తము 53,17,560, వడ్డీ 23,17,560.
20 సంవత్సరములు: నెలకు 26,035, మొత్తము 62,48,400, వడ్డీ 32,48,400.
30 సంవత్సరములు: నెలకు 23,067, మొత్తము 83,04,120, వడ్డీ 53,04,120.

ఇరువదినుండి ముప్పది ఏండ్లకు పోయినవానికి నెలకు 2,968 రూపాయలు కలిసివచ్చును. దానికై ఆయన మొత్తముమీద 20,55,720 రూపాయలు అధికముగా చెల్లించును. పదునైదేండ్లలో తీర్చువాడు నెలకు 3,507 రూపాయలు ఎక్కువ కట్టి, 9,30,840 రూపాయలు మిగుల్చుకొనును. గడువును పదేండ్లు పెంచినను వాయిదా తగ్గునది తొమ్మిదవవంతుకంటె కొంచెము ఎక్కువ మాత్రమే. వడ్డీయో, అరువది శాతమునకు పైగా పెరుగును.

ఇచ్చట ఒక పాత సంగతి స్మరింపదగినది. ఒకేమారు వసూలుచేయు ఋణము, వడ్డీతో గూడి, అసలునకు రెట్టింపును మించరాదని మనుస్మృతి విధించినది. 1938లో, రాజగోపాలాచారి గారి మంత్రివర్గ కాలమున, చెన్నరాజధానిలో వచ్చిన రైతుల ఋణవిమోచన చట్టము, అసలునకు రెట్టింపు చెల్లించిన రైతు బాకీ పూర్తిగా తీరినట్లే యని నిర్ణయించినది. అప్పటి తెలుగు జిల్లాలును, తమిళ జిల్లాలును ఆ చట్టము క్రింద నుండినవే. నేటి ఇంటి అప్పునకు అట్టి రెట్టింపు హద్దు లేదు. ముప్పది ఏండ్ల లెక్కలో 30 లక్షలకు 83 లక్షలు కట్టుటను ఏ చట్టమును ఆపదు. హద్దును మనమే గీచుకొనవలెను.

మారు వడ్డీ

పై లెక్కలన్నియు వడ్డీ మారదనుకొని వేసినవి. కాని గృహఋణములలో అనేకము మారు వడ్డీతో నడచునవి. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు క్రొత్తగా ఇచ్చు మారు వడ్డీ గృహఋణములను రిజర్వు బ్యాంకు రెపో రేటు వంటి బయటి కొలతతో ముడిపెట్టవలసియున్నది. 2022 మే నెలారంభమున 4 శాతముగా ఉండిన రెపో రేటు 2023 ఫిబ్రవరికి 6.5 శాతమైనది, 2025లో మరల తగ్గింపబడినది. పది నెలలలో రెండున్నర శాతము పెరుగుట చిన్న సంగతి గాదు.

ఉదాహరణకు, 7 శాతము వడ్డీకి 20 ఏండ్ల గడువుతో 30 లక్షలు తీసికొన్నవాని వాయిదా 23,259 రూపాయలు. ఒక సంవత్సరము కట్టిన తరువాత బాకీ సుమారు 29,28,600. అప్పుడు వడ్డీ 9.5 శాతమైనదనుకొందము. ఆ బాకీపై ఒక నెల వడ్డీయే సుమారు 23,185 రూపాయలు. వాయిదాను మార్చకుండ ఉంచినచో అసలునకు చేరునది 74 రూపాయలు! ఆ లెక్కను అప్పు తీరుటకు అరువదేండ్లు పట్టును. వాయిదా మారలేదని ఇంటివారు నిశ్చింతగా ఉందురు. గడువు మాత్రము కంటికి కానరాకుండ పెరిగిపోవుచుండును.

ఈ చిక్కును గమనించియే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న కొన్ని నియమములను చేసినది. వడ్డీ మారినప్పుడు దానివలన వాయిదాపైనను, గడువుపైనను కలుగు ఫలితమును అప్పిచ్చినవారు తెలుపవలెను. వాయిదా పెంచుకొనుటయా, గడువు పెంచుకొనుటయా, రెండును కొంచెము కొంచెముగా పెంచుకొనుటయా అను ఎంపిక ఋణగ్రహీతకు ఈయవలెను. మూడు నెలలకొకసారి, ఇంతవరకు వసూలైన అసలెంత, వడ్డీయెంత, మిగిలిన వాయిదాలెన్ని అని చూపు లెక్క అందజేయవలెను. ఆ లెక్క వచ్చినప్పుడు చదువరులు మొదట చూడవలసినది వాయిదా మొత్తమును గాదు, మిగిలిన వాయిదాల సంఖ్యను. అది పెరిగియున్నచో వెంటనే కారణమడుగవలెను. వడ్డీ తగ్గిననాడు వాయిదాను తగ్గింపుమని కోరక, ఉన్న వాయిదానే కట్టుచు గడువును తగ్గించుకొనుట మేలు.

ముందుగా కట్టు రూపాయి

కాలమే భారమైనప్పుడు, కాలమును తగ్గించుటయే ఉపాయము. మన మొదటి లెక్కలో, అనగా 8.5 శాతమునకు 30 లక్షలు, 20 ఏండ్ల అప్పులో, మొదటి సంవత్సరాంతమున ఒక లక్ష రూపాయలు అదనముగా అసలునకు కట్టి, వాయిదాను మార్చకుండ ఉంచినచో, చివర సుమారు 18 వాయిదాలు తగ్గును. కట్టిన లక్ష పోగా మిగులు సుమారు 3 లక్షల 70 వేలు. అదే లక్షను పదునైదవ సంవత్సరాంతమున కట్టినచో మిగులు సుమారు 50 వేలు మాత్రమే. లక్ష ఒక్కటే, పద్నాలుగేండ్ల ఆలస్యము దాని బలమును ఇంతగా తగ్గించినది.

ఒకేసారి లక్ష తెచ్చుట అందరికి సాధ్యము గాదు. ఏటేట ఒక వాయిదా అధికముగా కట్టగలవారు, దీపావళి బోనసు వచ్చినప్పుడో, చీటీ పాట చేతికందినప్పుడో ఆ 26,035 రూపాయలను అసలునకు జమచేసినచో, 20 ఏండ్ల అప్పు 16 సంవత్సరముల 9 నెలలలో తీరును. మొత్తముమీద ఆరులక్షల పైచిలుకు మిగులును. మారు వడ్డీపై వ్యక్తులు తీసికొన్న గృహఋణమును ముందుగా తీర్చినందుకు బ్యాంకులు ప్రత్యేక రుసుము తీసికొనరాదని 2012లోనే రిజర్వు బ్యాంకు ఆదేశించినది. అదనముగా కట్టునప్పుడు, “ఈ సొమ్మును అసలునకు జమచేసి గడువును తగ్గింపుడు” అని వ్రాతమూలకముగా కోరి, క్రొత్త వాయిదాల పట్టికను తీసికొనవలెను.

అయినను ఇందును తారతమ్యము కలదు. చేతనున్నదంతయు అప్పునకు పోసి, రోగము వచ్చిననాడు మూడు రూపాయల వడ్డీకి అప్పు తెచ్చుట తెలివి గాదు. ఇంటిఖర్చులకు కొన్ని నెలలకు చాలునంత సొమ్ము వేరుగా ఉంచుకొనవలెను. నగలపై తెచ్చిన అప్పు, క్రెడిట్ కార్డు బాకీ వంటి హెచ్చువడ్డీ అప్పులున్నచో ముందు వానిని తీర్చి, పిమ్మట ఇంటి అప్పు జోలికి రావలెను.

వడ్డీగాక తక్కిన ఖర్చులు

ఇంటి వెలలో వాయిదాల పట్టికకెక్కని ఖర్చులు మరికొన్ని కలవు. తమిళనాట 2023 నుండి విక్రయ దస్తావేజునకు స్టాంపు, బదిలీ సుంకములు కలిసి 7 శాతమును, రిజిస్ట్రేషను రుసుము 2 శాతమును నిర్ణయింపబడినవి. 40 లక్షల విలువగల ఇంటికి ఇవి 3,60,000 రూపాయలగును. ఈ సొమ్ము సాధారణముగా అప్పులో రాదు, చేతినుండియే పెట్టుకొనవలెను. బ్యాంకు అప్పు కూడ ఇంటి విలువకంతకు రాదు. 30 లక్షలలోపు అప్పునకు విలువలో 90 శాతమును, ఆపైన 75 లక్షలవరకు 80 శాతమును హద్దుగా ఉన్నవి. దరఖాస్తు పరిశీలన రుసుమును, దానిపై 18 శాతము జీఎస్టీయును వేరు. అప్పులో అరశాతము రుసుమైనచో, 30 లక్షలకు పన్నుతో 17,700 రూపాయలు.

బీమా విషయమున ప్రత్యేకముగా మెలకువ వలయును. ఇంటి యజమానికి ప్రమాదము కలిగినచో అప్పు కుటుంబముపై పడకుండుటకు బీమా మంచిదే. కాని ఒకేసారి కట్టవలసిన ప్రీమియమును అప్పులోనే కలిపివేయుట వాడుకలో ఉన్నది. అట్లు కలిపిన లక్షరూపాయల ప్రీమియము, 8.5 శాతమున ఇరువదేండ్లలో సుమారు 2,08,000 రూపాయలగును. చేతినుండి కట్టగలిగినచో కట్టుటయే లాభము.

ఆదాయపు పన్నులో మినహాయింపు వచ్చును గదా యని కొందరందురు. పాత పద్ధతిలో పన్ను కట్టువారికి, సొంతముగా నివసించు ఇంటి అప్పు వడ్డీలో ఏటికి 2 లక్షలవరకు మినహాయింపు కలదు. క్రొత్త పద్ధతిలో అట్టి ఇంటి వడ్డీకి ఆ మినహాయింపు లేదు. ఉన్నవారికైనను తగ్గునది పన్నులో ఒక భాగమే కాని, కట్టిన వడ్డీయంతయు తిరిగిరాదు. పన్ను తగ్గునని వడ్డీని పెంచుకొనుట నూరు పోగొట్టుకొని ముప్పది సంపాదించినట్లుండును.

మనకర్థమగు భాషలో

భాషాల్పసంఖ్యాకులమైన మనకు ఇందు ఒక ప్రత్యేకమైన చిక్కు కలదు. అప్పుపత్రములు ఆంగ్లమున నుండును. బ్యాంకు గుమాస్తా తమిళమున వివరించును. ఇంటిలో ఆలోచన తెలుగున జరుగును. మూడు భాషల నడుమ ముఖ్యమైన సంగతి జారిపోవుట సులభము. ఇంటికి సహఋణగ్రహీతలుగా సంతకము చేయు తల్లులకు ఒక్కొక్కప్పుడు ఏ పుటలో ఏమున్నదో తెలియదు.

ఈ విషయమున నియమము మన పక్షమున నున్నది. 2024 అక్టోబరు 1 నుండి క్రొత్తగా ఇచ్చు గృహఋణములకు అప్పిచ్చువారు ముఖ్య వివరముల పత్రమొకటి ఈయవలెను. దానిని కీ ఫాక్ట్స్ స్టేట్‌మెంట్ అని పిలుతురు. అందు వడ్డీయు, రుసుములును కలిపి లెక్కగట్టిన వార్షిక వ్యయపు శాతము, అన్ని రుసుముల జాబితా, వాయిదా వాయిదాకు అసలెంత వడ్డీయెంత అను పట్టిక ఉండవలెను. ఆ పత్రము ఋణగ్రహీతకు అర్థమగు భాషలో ఉండవలెననియు, దానిని అతనికి విప్పిచెప్పి, తెలిసినదని సంతకము తీసికొనవలెననియు రిజర్వు బ్యాంకు విధించినది. ఆ పత్రములోని షరతులపై ఆలోచించుకొనుటకు కనీసము మూడు పనిదినముల వ్యవధి ఇంటి అప్పునకు ఉండును. అందు చెప్పని రుసుమును ఋణగ్రహీత స్పష్టముగా ఒప్పుకొననిదే తరువాత వసూలుచేయరాదు.

కావున తల్లిదండ్రులకు మా మనవి ఇది. అర్థమగు భాషలో ఆ పత్రమును అడుగుడు. విప్పిచెప్పినతరువాతనే, తెలిసినదని సంతకము పెట్టుడు. ఆ మూడు దినములలో ఆ పట్టికను ఇంటికి తెచ్చి, భార్యాభర్తలు కలిసి చదువుడు. పై తరగతులలో చదువు బిడ్డలున్నచో వారిచేతనే లెక్క వేయింపుడు. చక్రవడ్డీ సూత్రమును వారు పాఠశాలలో నేర్చుకొనుచునే యున్నారు. అది ఎందుకు పనికివచ్చునో వారికి ఇంతకంటె బాగుగా తెలియు సందర్భము వేరొకటి ఉండదు.

అప్పు పూర్తిగా తీరిననాడు ఒక పని మిగిలియుండును. తీర్చిన 30 దినములలో ఇంటి మూల దస్తావేజులను తిరిగి ఈయవలెననియు, తమ వలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారమీయవలెననియు 2023 డిసెంబరు 1 నుండి నియమము కలదు. దస్తావేజులు చేతికందిన పిమ్మట, ఇచ్చట విల్లంగ సర్టిఫికెట్టని వాడుకలో నున్న పత్రమును తెప్పించి, తనఖా తొలగినట్లు అందు నమోదైనదో లేదో చూచుకొనవలెను.

రెండవ ప్రక్కను కూడ చెప్పుట న్యాయము. ఇరువదేండ్ల తరువాతి రూపాయి నేటి రూపాయి గాదు. ధరలు ఏటికి 5 శాతము చొప్పున పెరిగినచో, ఇరువదవ యేటి 26,035 రూపాయలు నేటి లెక్కలో సుమారు 9,800లకు సమానము. జీతములును కొంత పెరుగును. అద్దె యింటనున్నవానికి అద్దెయు పెరుగుచునే యుండును. కనుక 62 లక్షల అంకెను చూచి బెదరి, ఇల్లే వలదనుకొననక్కరలేదు. కాని వాయిదా బరువు మిక్కిలి హెచ్చుగా తోచునది మొదటి సంవత్సరములలోనే. బిడ్డల చదువు నడచునదియు ఆ సంవత్సరములలోనే. అందువలన, బిడ్డల రుసుములు పోగా ధైర్యముగా కట్టగల వాయిదాను ముందు నిర్ణయించుకొని, ఆ వాయిదాకు సాధ్యమైనంత తక్కువ గడువులో తీరునంత అప్పును మాత్రమే తీసికొని, ఆ అప్పునకు తగిన ఇంటిని వెదకుట ఉత్తమము. ఇంటిని ముందు చూచి, దానికి సరిపోవునట్లు గడువును సాగదీయుట వలన, ఆ యింటి వెలను చివరకు బిడ్డల చదువే చెల్లింపవలసివచ్చును.